కన్సోల్ గేమ్ డిజిటల్‌గా కొన్నాక డబ్బు వెనక్కి వస్తుందా? ఏది ఎక్కడ, ఎలా కొనాలి

పుచ్చకాయల బండి దగ్గర మూడు రకాల వ్యాపారులు కనిపిస్తారు. ఒకాయన చిన్న ముక్క కోసి చేతిలో పెడతాడు. తిని చూడు, తియ్యగా లేకపోతే వద్దులే అంటాడు. ఇంకొకాయన కాయ కోయనివ్వడు గానీ, ఇంటికెళ్లాక మనసు మారితే కత్తి తగలకుండా తెచ్చి ఇచ్చెయ్ అంటాడు. మూడో ఆయన డబ్బు జేబులో వేసుకున్న మరుక్షణం మనల్ని ఎరగనట్టే ఉంటాడు. టీవీకి కలిపి ఆడే కన్సోల్ పెట్టెలకు గేమ్‌లను డిజిటల్‌గా, అంటే నెట్ ద్వారా, అమ్మే మూడు పెద్ద స్టోర్లు అచ్చంగా ఈ ముగ్గురే. ముక్క కోసిచ్చేది ఎక్స్‌బాక్స్, కత్తి తగలకూడదనేది ప్లేస్టేషన్, మొహం తిప్పుకునేది నింటెండో.

రిఫండ్ ఎలా అడగాలి అని చాలామంది కొన్న తర్వాత అడుగుతారు. అప్పటికి సగం తలుపులు మూసుకుపోయి ఉంటాయి. ఏ గేమ్‌ని ఏ దారిలో కొంటే వెనక్కి తిరిగే వీలుంటుందో కొనేముందే చూసుకోవాలి. అందుకే ముందు మూడు స్టోర్ల నియమాలు, తర్వాత మీ అనుమానం ఏ రకందో దాన్నిబట్టి ఎంపిక.

ప్లేస్టేషన్: డౌన్‌లోడ్ నొక్కారా లేదా?

నన్ను ఎక్కువమంది అడిగేది ప్లేస్టేషన్ గురించే. ఎక్కువ అపార్థం ఉన్నది కూడా ఇక్కడే. గేమ్ కొన్న 14 రోజుల లోపు రద్దు చేసుకోవచ్చు, కానీ డౌన్‌లోడ్ గానీ స్ట్రీమింగ్ గానీ మొదలుపెట్టి ఉండకూడదు. 14 రోజులు అన్న ముక్క అందరికీ గుర్తుంటుంది, రెండో ముక్క ఎవరికీ గుర్తుండదు. ఎంతసేపు ఆడారన్నది లెక్కలోకే రాదు. అరగంట ఆడి, బాగాలేదని ఆపేసినా సరే, డౌన్‌లోడ్ పట్టీ కదలడం మొదలైన క్షణమే మీ హక్కు పోయినట్టు. గేమ్‌లో లోపం ఉంటే తప్ప.

ఇందులో ఒక మెలిక ఉంది. ఫోన్ యాప్‌లోనో కంప్యూటర్‌లోనో కొంటే, డౌన్‌లోడ్‌ని నేరుగా ఇంట్లోని కన్సోల్‌కు పంపే బటన్ పక్కనే కనిపిస్తుంది. కన్సోల్ రెస్ట్ మోడ్‌లో ఉండి నెట్ కలిసి ఉంటే చాలు, మీరు ఆఫీసులో ఉండగానే హాల్లో టీవీ కింద అది తన పని మొదలుపెట్టేస్తుంది. ఆటోమేటిక్ డౌన్‌లోడ్, ఇన్‌స్టాల్ సెట్టింగులను ఒకసారి చూసి, అక్కర్లేనివి ఆపేసుకుంటే ఈ టెన్షన్ ఉండదు. కొనగానే అలవాటు కొద్దీ వేలు డౌన్‌లోడ్ మీదికి పోకుండా చూసుకోవడం మాత్రం సెట్టింగులతో అయ్యే పని కాదు.

మరి డౌన్‌లోడ్ చేయకుండా ఉంచుకునే గేమ్‌కి రిఫండ్ ఉంటే ఎంత, లేకపోతే ఎంత అనిపిస్తుంది. నాకూ మొదట్లో అలాగే అనిపించింది. కానీ సేల్ రోజుల్లో దీనికి మంచి ఉపయోగం ఉంది. ప్లేస్టేషన్ ప్లస్ అనే చందా కట్టే సభ్యులకు నెలవారీ గేమ్‌లు సాధారణంగా నెలలో మొదటి మంగళవారం వస్తాయి. అందులో పై అంచెలైన ఎక్స్‌ట్రా, డీలక్స్ వాళ్లు చందాతోనే ఆడుకునే కేటలాగ్‌లోకి కొత్తవి మూడో మంగళవారం వస్తాయి. పేర్లు కొన్ని రోజుల ముందే ప్రకటిస్తారు. సగం ధరకు వచ్చిందని మీరు కొన్న గేమ్ వచ్చే వారం కేటలాగ్‌లో దర్శనమిస్తే ఎంత కడుపు మంట! అందుకే ఇప్పుడే ఆడే తీరిక లేనప్పుడు సేల్ ధరకు కొని, డౌన్‌లోడ్ చేయకుండా ఆ రెండు వారాలు అలాగే వదిలెయ్యండి. ప్రకటనలో దాని పేరు వస్తే డబ్బు వెనక్కి అడగండి, రాకపోతే మెల్లగా దించుకోండి. నిబంధనకు లోబడిన పనే ఇది, దొడ్డిదారి కాదు.

విడుదలకు ముందే కొనిపెట్టుకునే ప్రీ-ఆర్డర్ సంగతి వేరు. విడుదలకు 14 రోజుల కంటే ముందే ప్రీ-ఆర్డర్ చేసి ఉంటే విడుదల తేదీ వరకు ఎప్పుడైనా రద్దు చేసుకోవచ్చు. విడుదల రెండు వారాల లోపే ఉన్నప్పుడు చేస్తే, డబ్బు తీసుకున్న రోజు నుంచి 14 రోజులు గడువు, అదీ అసలు గేమ్‌ని డౌన్‌లోడ్ చేయనంతవరకే. ముందస్తుగా దించుకునే ప్రీ-లోడ్ ఇక్కడ పెద్ద వల. అర్ధరాత్రి పన్నెండింటికల్లా ఆడాలన్న ఆత్రంలో రెండు రోజుల ముందే వంద జీబీ దించుకున్నవాళ్లు, విడుదల రోజు ఉదయం రివ్యూలు చదివి తల పట్టుకుంటారు. మడుగులో గేదెను పెట్టి బేరమాడటం అంటే ఇదే. నీళ్లలో ఉన్న గేదె కొమ్ములు బాగానే కనిపిస్తాయి, కాళ్లు ఎలా ఉన్నాయో గట్టెక్కితే గానీ తెలియదు.

గేమ్‌లో వాడే నాణేలు, పాయింట్లు వంటివి అకౌంట్‌లో పడ్డాక వెనక్కి రావు. ప్లేస్టేషన్ ప్లస్ లాంటి చందాలు 14 రోజుల్లో ఆపేయొచ్చు, వాడుకున్న మేరకు కోసుకుని మిగతాది ఇస్తారు.

ఎక్స్‌బాక్స్: ఎంతసేపు ఆడారు?

ఎక్స్‌బాక్స్ యజమాని మైక్రోసాఫ్ట్ దారి ఇంకోటి. డిజిటల్ గేమ్‌ల అమ్మకం తుది అమ్మకమే అని పైకి రాసుకుంటూనే, కొన్న 14 రోజుల లోపు, చెప్పుకోదగ్గ సమయం ఆడకుండా ఉంటే రిఫండ్ అడగవచ్చంటుంది. అంటే డౌన్‌లోడ్ చేయవచ్చు, తెరిచి చూడవచ్చు, కాసేపు ఆడవచ్చు. చెప్పుకోదగ్గ సమయం అంటే ఎంత అని గంటల లెక్క ఆ నియమంలో ఇవ్వలేదు. 2017లో సొంతంగా రిఫండ్ అడిగే పద్ధతిని మొదట పరీక్షించినప్పుడు 14 రోజులు, రెండు గంటల లోపు ఆట అని ప్రకటించారు. కంప్యూటర్ గేమ్‌ల స్టోర్ స్టీమ్ 2015 జూన్ నుంచి అమలు చేస్తున్న కొలత కూడా అదే. కాబట్టి రెండు గంటలను గీతగా పెట్టుకుని, దానికి చాలా ముందే తేల్చుకోండి. నేనైతే గంట దాటనివ్వను.

మూడు విషయాలు గుర్తుంచుకోవాలి. ఆట సమయాన్ని అన్ని అకౌంట్లలో కలిపి చూస్తారు. మీరు ఇరవై నిమిషాలు ఆడి ఆపేసినా, మీ తమ్ముడు తన ప్రొఫైల్‌లో రాత్రంతా ఆడితే అది మీ లెక్కలోనే పడుతుంది. గేమ్‌కి విడిగా కొనుక్కునే అదనపు భాగాలకు, అంటే డీఎల్‌సీలకు, వాటిని కట్టగట్టి అమ్మే సీజన్ పాస్‌లకు సాధారణంగా ఈ వెసులుబాటు ఉండదు. పైగా పదే పదే కొని వాపసు ఇచ్చే అలవాటున్నవాళ్లను ఆపే హక్కు తనకుందని మైక్రోసాఫ్ట్ ముందే చెప్పింది. వారానికో కొత్త గేమ్ రుచి చూసి వదిలేద్దామనుకుంటే కుదరదు.

అడిగే పద్ధతి తేలికే. ఎక్స్‌బాక్స్ సపోర్ట్ సైట్‌లో రిఫండ్ పేజీ తెరిచి లాగిన్ అయితే ఈమధ్య కొన్నవన్నీ వరసగా కనిపిస్తాయి. అడిగే వీలున్నదాన్ని ఎంచుకుని కారణం రాసి పంపాలి. గిఫ్ట్ కార్డుతో కొన్నది మైక్రోసాఫ్ట్ అకౌంట్ బ్యాలెన్స్‌లోకే వెళ్తుంది, బ్యాంకుకు రాదు.

నింటెండో: డబ్బు కట్టారా?

పాత బట్టల కొట్లలో గోడ మీద బోర్డు ఉండేది, అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదు అని. నింటెండో ఆన్‌లైన్ స్టోర్ ఈషాప్‌ది ఆ బోర్డే. అన్ని అమ్మకాలూ తుది అమ్మకాలు. విడుదల కాని గేమ్‌ని ముందుగా కొన్నప్పుడు మాత్రం, డబ్బు తీసుకునే వరకు రద్దు చేసుకోవచ్చు. ఈ మాత్రం కూడా ఊరికే దక్కలేదు. 2018లో నార్వే వినియోగదారుల మండలి ఈ ప్రీ-ఆర్డర్ నిబంధనపై గొడవ మొదలుపెట్టింది, జర్మనీలో వినియోగదారుల సంఘం కోర్టుకెక్కింది. 2020లో నింటెండో రద్దు చేసుకునే వీలు కల్పించింది. సపోర్ట్ వాళ్లను మర్యాదగా అడిగితే ఒక్కసారికి దయతలచి ఇచ్చారని చెప్పే ఆటగాళ్లు ఉన్నారు. దయను నమ్ముకుని డబ్బు ఖర్చు పెట్టలేం కదా.

ఇక ఇండియాకు ఈషాప్ అధికారికంగా లేనే లేదు. నింటెండో కన్సోల్ స్విచ్ కొన్న మనవాళ్లు అమెరికా ప్రాంతపు అకౌంట్ తెరిచి, డాలర్ గిఫ్ట్ కార్డులు కొనుక్కుని నెట్టుకొస్తారు. కార్డు కోడ్‌ని అకౌంట్‌లో వేశాక అది నగదుగా తిరిగి రాదు. ఈషాప్‌లో ఏదైనా కొనేముందు డెమో ఉందేమో తప్పక చూడండి. నింటెండో సొంత గేమ్‌లకే కాదు, బయటి కంపెనీల గేమ్‌లకూ అక్కడ ఉచిత డెమోలు చాలా ఉంటాయి. కొన్నింటిలో డెమోలో ఆడినంతవరకు అసలు గేమ్‌లోకి తీసుకెళ్లవచ్చు కూడా.

మీ అనుమానం ఏ రకం?

ఒక గేమ్ కొనాలా వద్దా అని తటపటాయిస్తున్నప్పుడు ఆ తటపటాయింపు ఒకటే రకం కాదు. దేనికి ఏ దారి సరిపోతుందో చూద్దాం.

మొదటిది ధర మీద అనుమానం. గేమ్ మంచిదే, నాకు నచ్చుతుందని తెలుసు, ఈ ధరకు ఇప్పుడు కొనాలా అన్నదే ప్రశ్న. దీనికి ప్లేస్టేషన్ పద్ధతి సరిగ్గా సరిపోతుంది. పైన చెప్పినట్టు డౌన్‌లోడ్ చేయకుండా ఉంచుకుని ఆలోచించుకోవచ్చు.

రెండోది అభిరుచి మీద అనుమానం. అందరూ మెచ్చుకుంటున్నారు, కానీ ఒకే బాస్ దగ్గర, అంటే గేమ్‌లోని ఒకే పెద్ద శత్రువు చేతిలో, నలభై సార్లు చచ్చే ఓపిక నాకుందా? ఇది రివ్యూలు చదివితే తేలదు, చేత్తో ఆడి చూస్తేనే తెలుస్తుంది. ఇక్కడ ప్లేస్టేషన్ స్టోర్‌లో నేరుగా కొనడం అన్నిటికంటే చెడ్డ ఎంపిక. ఆడాలంటే దించాలి, దించితే రిఫండ్ పోతుంది. అదే గేమ్ ఎక్స్‌బాక్స్‌లో ఉండి, మీ దగ్గర రెండు కన్సోళ్లూ ఉంటే అక్కడ కొనండి. లేకపోతే ట్రయల్ వెతకండి. మన దేశంలో ప్లేస్టేషన్ ప్లస్ మూడు అంచెలు: ఎసెన్షియల్, ఎక్స్‌ట్రా, డీలక్స్. పై అంచె డీలక్స్‌లో కొన్ని గేమ్‌లకు కాలపరిమితి ఉన్న ట్రయల్స్ ఇస్తారు, ట్రయల్‌లో ఆడినది కొన్నాక కొనసాగుతుంది. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ వాళ్ల కొత్త ఫుట్‌బాల్, రేసింగ్ గేమ్‌లైతే ఈఏ ప్లే చందా తీసుకుంటే పది గంటల ట్రయల్ దొరుకుతుంది. ఒక గేమ్ ధరలో చిన్న భాగమే ఆ నెల చందా. పది గంటలు ఆడాక కూడా కొనాలనిపించకపోతే మీకు రిఫండ్ అవసరమే రాలేదన్నమాట. ఎక్స్‌బాక్స్ ఉన్నవాళ్లు గేమ్ పాస్ అనే చందాతో ఆడుకునే గేమ్‌ల జాబితా ముందు చూసుకోవాలని వేరే చెప్పక్కర్లేదు.

మూడోది నాణ్యత మీద అనుమానం: విడుదల రోజు గేమ్ సరిగా నడుస్తుందా, లేదా? దీనికి మందు ఒక్కటే, ఆగడం. అడుసు తొక్కనేల, కాలు కడగనేల. డిజిటల్ గేమ్ అమ్ముడైపోయి దొరకకుండా పోయేది కాదు. ప్రీ-ఆర్డర్‌తో వచ్చే ఎర్ర టోపీ, బంగారు కత్తి కోసం ఐదు వేలకు అటూఇటూ డబ్బు ముందుగా కట్టడం నాకు ఇప్పటికీ అర్థం కాని విషయం. విడుదలైన రెండు రోజుల తర్వాత, మీ దగ్గరున్న కన్సోల్ మీద అది ఎలా నడుస్తోందో వీడియో చూసి కొనండి. మీ కన్సోల్ మీద అన్నది ముఖ్యం. ఎక్స్‌బాక్స్‌లో చిన్నదైన సిరీస్ ఎస్ ఉన్నవాళ్లు పెద్దదైన సిరీస్ ఎక్స్ వీడియో చూసి మోసపోవద్దు.

డిస్క్ అనే పాత స్నేహితుడు

ఈ మూడు స్టోర్లూ ఇవ్వని హక్కు ఒకటి డిస్క్ ఇస్తుంది. నచ్చకపోతే ఎవరినీ బతిమాలకుండా ఇంకొకరికి అమ్ముకోవచ్చు. సీలు తీసిన డిస్క్‌ని కొట్టువాడు కూడా వెనక్కి తీసుకోడు, నిజమే. కానీ పాత డిస్కులు కొని అమ్మే కొట్లు, మార్చుకునే గ్రూపులు హైదరాబాద్, విజయవాడ, విశాఖ వాళ్లకు కొత్తేమీ కాదు. కొత్త గేమ్‌ని గబగబా పూర్తి చేసి మొదటి రెండు మూడు వారాల్లో అమ్మేస్తే పోయేది తక్కువే. ఆర్నెల్లు బీరువాలో పెట్టి అమ్మబోతే అప్పటికి డిజిటల్ సేల్ ధరే దానికంటే తక్కువ అయిపోతుంది. ఒక్కసారి ఆడి వదిలేసే కథాప్రధాన గేమ్‌లకు, నా లెక్కలో, డిస్కే అసలైన రిఫండ్. ఏళ్ల తరబడి రోజూ అరగంట ఆడే ఫుట్‌బాల్, షూటింగ్ గేమ్‌లకు డిజిటల్ హాయి, ప్రతిసారీ లేచి డిస్క్ మార్చే పని ఉండదు.

డిజిటల్‌గా మీరు కొనేది గేమ్‌ని కాదు, ఆడుకునే అనుమతిని. అమెరికాలో కాలిఫోర్నియా రాష్ట్రం 2025 జనవరి 1 నుంచి ఈ మాట కొనేవాళ్లకు స్పష్టంగా చెప్పి తీరాలని చట్టం తెచ్చింది. అనుమతిని పక్కింటి అబ్బాయికి అమ్మలేం.

అయితే డిస్క్ దారి అందరికీ లేదు. ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్‌కు డ్రైవ్ లేదు, పెట్టే వీలూ లేదు. పీఎస్5 (ప్లేస్టేషన్ 5) డిజిటల్ ఎడిషన్‌లో స్లిమ్ రకానికి, పీఎస్5 ప్రోకి డ్రైవ్ విడిగా కొని తగిలించుకోవచ్చు. కన్సోలే ఇంకా కొనని వాళ్లు ఈ సంగతి ఇప్పుడే ఆలోచించండి. డ్రైవ్ లేని మోడల్‌లో మిగిలే డబ్బు, అమ్ముకోలేని నాలుగైదు గేమ్‌లతో చెల్లయిపోతుంది. పెట్టె మీద కూడా ఒక కన్ను వేయండి. కొన్ని పెట్టెల్లో డిస్కే ఉండదు, కోడ్ రాసిన కాగితం ఉంటుంది. కోడ్ వాడేశాక అది ఖాళీ పెట్టె. 2025 జూన్‌లో వచ్చిన స్విచ్ 2కి గేమ్-కీ కార్డులని కొత్త రకం ఉన్నాయి. కార్డులో గేమ్ ఉండదు, దించుకోవాల్సిందే, కానీ ఆడాలంటే కార్డు పెట్టాలి. దాన్ని మాత్రం అమ్ముకోవచ్చు. ఈషాప్‌లో కొనడం కంటే నయం.

అమెరికా నుంచి వచ్చే బంధువులతో డిస్కులు తెప్పించుకునే వాళ్లకో మాట. ప్లేస్టేషన్ డిస్క్ ఏ దేశానిదైనా ఆడుతుంది గానీ, డీఎల్‌సీ మాత్రం డిస్క్ ప్రాంతంతో కలవాలి. డాలస్‌లో కొన్న డిస్క్‌కి ఇండియా అకౌంట్‌లో కొన్న డీఎల్‌సీ సాధారణంగా అతకదు. అతకలేదన్న సంగతి డౌన్‌లోడ్ చేశాకే తెలుస్తుంది, అప్పటికి డౌన్‌లోడ్ నియమం అడ్డొస్తుంది. అదనపు కథలు కూడా కొనాలనుకునే గేమ్ అయితే డిస్క్ ఇక్కడే కొనండి.

గేమే చెడిపోయి ఉంటే

మనసు మారడం వేరు, సరుకు పాడైపోయి ఉండటం వేరు. రెండో దానిలో మీ బలం ఎక్కువ. సైబర్‌పంక్ 2077 గుర్తుందా? 2020 డిసెంబర్ 10న విడుదలైతే, పాత పీఎస్4, ఎక్స్‌బాక్స్ వన్‌ల మీద అది నడిచిన తీరు చూసి జనం మండిపడ్డారు. నాలుగు రోజుల తర్వాత, దాన్ని తయారు చేసిన కంపెనీ సీడీ ప్రాజెక్ట్ క్షమాపణ చెప్పి, వద్దనుకునేవాళ్లు రిఫండ్ అడగండి అంది. వారం తిరిగేసరికి ప్లేస్టేషన్ యజమాని సోనీ దాన్ని స్టోర్ నుంచే తీసేసి, డిజిటల్‌గా కొన్నవాళ్లకు పూర్తి డబ్బు ఇచ్చింది. దించుకుని ఆడినవాళ్లకు కూడా. మళ్లీ 2021 జూన్ 21న గానీ అది స్టోర్‌లోకి రాలేదు. సోనీ సొంత గేమ్ కాంకర్డ్ కథ ఇంకా పొట్టిది. 2024 ఆగస్టు 23న మొదలై సెప్టెంబర్ 6న సర్వర్లు ఆగిపోయాయి, కొన్న అందరికీ డబ్బు తిరిగిచ్చారు.

మామూలు నియమం ఎంత గట్టిగా ఉన్నా, గేమ్ అందరికీ చెడిపోయినప్పుడు అది వంగుతుంది. మీకు కాదన్న సమాధానం వచ్చినా, ఆ తర్వాత వారం రెండు వారాలు గేమ్ తయారీదారుల ప్రకటనలు చూస్తూ ఉండండి.

చట్టం మాటకొస్తే, మీరు ఉండే దేశాన్నిబట్టి మారుతుంది. ఆస్ట్రేలియాలో ఉన్న మనవాళ్లకు గట్టి రక్షణ ఉంది. దించుకున్నాక, 14 రోజులు దాటాక రిఫండ్ ఇవ్వనక్కర్లేదని కొనుగోలుదారులకు చెప్పినందుకు అక్కడి ఫెడరల్ కోర్టు 2020లో సోనీ యూరప్‌కు 35 లక్షల ఆస్ట్రేలియన్ డాలర్ల జరిమానా వేసింది. లోపమున్న గేమ్‌కి డౌన్‌లోడ్ సాకు పనికిరాదని తేలిపోయింది. బ్రిటన్‌లో 2015 వినియోగదారుల హక్కుల చట్టం డిజిటల్ సరుకు కూడా తగిన నాణ్యతతో ఉండాలంటుంది. బాగు చేయమని ముందు అడగాలి, బాగుకాకపోతే ధర తగ్గించమని అడగవచ్చు. యూరప్‌లో 14 రోజుల ఉపసంహరణ హక్కు ఉంది గానీ, ఒప్పుకుంటూ టిక్కు పెట్టి దించుకోవడం మొదలుపెట్టగానే అది పోతుంది. ప్లేస్టేషన్ నియమంలోని ఆ మెలికకీ దీనికీ పోలిక చూస్తే అది ఎక్కడి నీళ్లో తెలిసిపోతుంది.

మన దేశంలో 2019 వినియోగదారుల రక్షణ చట్టం ఈ-కామర్స్ నిర్వచనంలో డిజిటల్ ఉత్పత్తులను కూడా చేర్చింది. లోపమున్నదాన్ని వెనక్కి తీసుకుని డబ్బు ఇవ్వకపోవడాన్ని అనుచిత వ్యాపార పద్ధతుల్లో లెక్కించింది. స్టోర్‌తో ఉత్తరప్రత్యుత్తరాలు తేలకపోతే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేయవచ్చు. తెలుగులోనూ మాట్లాడవచ్చు. నచ్చలేదు అనే కారణానికి ఇది పనిచేయదు. తెరవగానే ఆగిపోతోంది, సేవ్ చేసినవి చెరిగిపోతున్నాయి లాంటి వాటికే, అదీ వీడియో తీసి పెట్టుకుంటేనే.

అడిగేటప్పుడు

ప్లేస్టేషన్‌లో అయితే సపోర్ట్ సైట్‌లోని రిఫండ్ పేజీ నుంచి వెళ్లాలి. కొన్నప్పుడు వచ్చిన ఈమెయిల్‌లో ఆర్డర్ నంబర్, తేదీ ఉంటాయి, దగ్గర పెట్టుకోండి. రాసే మాటలు తక్కువగా, తేదీలతో ఉండాలి: ఫలానా రోజు కొన్నాను, డౌన్‌లోడ్ చేయలేదు, రద్దు చేయండి. కథ చెప్పక్కర్లేదు, అబద్ధం అసలే వద్దు. దించుకున్నదీ లేనిదీ, ఎన్ని నిమిషాలు ఆడినదీ వాళ్ల సర్వర్లకు మనకంటే బాగా తెలుసు. బయటి సైట్‌లో కొన్న కోడ్ అయితే స్టోర్‌ని అడిగి లాభం లేదు, అమ్మినవాళ్లనే అడగాలి. డబ్బు ఎటునుంచి వెళ్లిందో సాధారణంగా అటే వస్తుంది. వాలెట్ డబ్బుతో కొంటే వాలెట్‌కే వస్తుంది. కాబట్టి పెద్ద ధర గేమ్‌ల విషయంలో, వెనక్కి ఇచ్చే అవకాశం ఉందనిపిస్తే వాలెట్ నింపుకుని కొనడం కంటే కార్డుతో నేరుగా కట్టడం మేలు.

స్టోర్ కాదంటే బ్యాంకుకు ఫోన్ చేసి ఆ లావాదేవీని వెనక్కి లాగేద్దాం అని సలహా ఇచ్చేవాళ్లు ప్రతి స్నేహితుల గుంపులోనూ ఒకరుంటారు. వాళ్ల మాట వినకండి. అలా లాగితే స్టోర్ దాన్ని అప్పుగా చూసి అకౌంట్‌ని నిలిపేస్తుంది. ఐదు వేల కోసం పదేళ్లుగా కొన్న గేమ్‌లన్నిటికీ తాళం పడుతుంది. నిజంగా ఎవరో అకౌంట్‌లో దూరి కొనేస్తే మాత్రం ఆలస్యం చేయొద్దు. పాస్‌వర్డ్ మార్చి, స్టోర్‌కి చెప్పి, బ్యాంకుకూ మూడు పనిదినాల లోపే తెలియజేయండి. బయటివాళ్ల మోసమైతే ఆ గడువులో చెప్పినవాళ్ల మీద నష్టం పడకూడదని రిజర్వ్ బ్యాంక్ 2017 నిబంధన.

పిల్లలు కొన్నవి మాత్రం ఇంకో తలనొప్పి. మా అక్క కొడుకు, ఎనిమిదేళ్ల బుడుగు, ఫుట్‌బాల్ గేమ్‌లో ఆటగాళ్ల ప్యాకుల కోసం నా కార్డు మీద ఒక్క మధ్యాహ్నంలో నాలుగుసార్లు పాయింట్లు కొన్నాడు. అడిగితే స్టోర్ ఒక కొనుగోలుకు డబ్బు ఇచ్చి, మిగతావి వాడేశారు కాబట్టి కుదరదంది. ఏ స్టోర్ అన్నది పక్కనపెడితే, పాస్‌వర్డ్ అడగకుండా కార్డు దాచిపెట్టింది నేనే. ఆ సాయంత్రమే పిల్లాడికి వేరే ఫ్యామిలీ అకౌంట్ తెరిచి నెలవారీ ఖర్చు పరిమితి సున్నా పెట్టాను, నా అకౌంట్‌లో కొనే ప్రతిసారీ పాస్‌వర్డ్ అడిగేలా చేశాను. ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్, నింటెండో మూడింటిలోనూ పిల్లల కొనుగోళ్లను అడ్డుకునే ఏర్పాట్లు ఉన్నాయి, పది నిమిషాల పని.

ఇది రాస్తున్నప్పుడు నా ప్లేస్టేషన్ కార్ట్‌లో రెండు గేమ్‌లున్నాయి, సేల్ ఈ రాత్రితో ఆఖరు. ఒకటి తెలిసిన సిరీస్‌లోది. కొని డౌన్‌లోడ్ చేయకుండా వదిలేస్తాను, మూడో మంగళవారం దాటాక చూసుకుంటాను. రెండోది అందరూ కష్టమంటున్న కత్తియుద్ధాల గేమ్. దాన్ని కార్ట్ నుంచి తీసేశాను, ఆదివారం పాత డిస్కుల కొట్టుకు వెళ్లి అడుగుతాను.